తిట్టు లేని వాంగ్మూలం

"నాలుగు గంటలకు మా నాన్నను అరెస్టు చేస్తారండీ!" అంది ఆ అమ్మాయి. డిటెక్టివ్ కుర్చీ చూపించినా కూర్చోలేదు.

ఆమె తండ్రి రేడియో వ్యాఖ్యాత. మూడు రోజుల క్రితం రేడియో స్టేషన్‌లో టేపుల గది తగలబడింది. కాపలాదారు చేతులు కాలి ఆసుపత్రి పాలయ్యాడు. నిన్న పోలీసులకు ఎవరో ఒక రికార్డింగు పంపారు. అమ్మాయి తెచ్చిన దాని నకలును డిటెక్టివ్ రెండుసార్లు వింది.

"నేనే తగలబెట్టాను," అంటోంది వ్యాఖ్యాత గొంతు. వెంటనే కప్పు సాసరుకు తగిలిన చప్పుడు. "ఎవరికీ తెలీదు. అబ్సొల్యూట్లీ."

"గొంతు ఆయనదే వదినా," అన్నాడు ఆమె సహాయకుడు. అతను ఆమె మరిది కూడా. వదిన తెలివి మీద ఉన్న నమ్మకం అతనికి తన కళ్ళ మీద కూడా లేదు.

రేడియో స్టేషన్‌లో వ్యాఖ్యాత చెమటలు కక్కుతున్నాడు.

"మంటలు లేచినప్పుడు ఎక్కడున్నారు?" అడిగింది డిటెక్టివ్.

"క్యాంటీన్‌లో. ఒక్కణ్ణే."

"నమ్మమంటారా?"

"అబ్సో-బ్లడీ-ల్యూట్లీ! గ్యా-బ్లడీ-రంటీ!"

"నాన్నా!" కూతురు తల పట్టుకుంది. "క్షమించండి. ఇంగ్లీషు మాట పెద్దదైతే మధ్యలో తిట్టు ఇరికిస్తే గానీ ఈయన నోరు తిరగదు. మా అమ్మమ్మ ముందైనా ఇంతే."

"ఇన్నేళ్ళుగా రేడియోలో ఒక్క తిట్టూ వినలేదే?"

"ఆ పుణ్యం మా ఎడిటర్‌ది," అన్నాడు స్టేషన్ మేనేజరు. "తిట్టు తీసేసి రెండు ముక్కలూ అతుకు తెలియకుండా కలుపుతాడు. పైన సన్నగా సంగీతం వేస్తాడు. పద్నాలుగేళ్ళుగా ఇదే పని."

మూలన నిలబడ్డ ఎడిటర్ మొహమాటంగా నవ్వాడు. "పాత కార్యక్రమాలన్నీ బూడిదయ్యాయి మేడమ్," అన్నాడు.

"మా అమ్మ ఇంట్లో రేడియో నుంచి రికార్డు చేసుకునేది," అంది కూతురు.

"పట్టుకురామ్మా. పరుగెత్తు!"

మూడున్నరకు అందరూ స్టూడియోలో చేరారు. ఇన్‌స్పెక్టర్ గడియారం చూసుకుంటున్నాడు. డిటెక్టివ్ ఇంటి టేపు వేసింది. సన్నటి సంగీతం మీద వ్యాఖ్యాత వంట ముచ్చట్లు చెబుతున్నాడు. "వంటింటి కర్టెన్ నేనే తగలబెట్టాను!" కప్పు చప్పుడు. అదే చప్పుడు.

వ్యాఖ్యాత కూతురి చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు.

"ముక్కలు అతికించారు, సరే," అన్నాడు ఇన్‌స్పెక్టర్. "ఎవరైనా చేయొచ్చుగా?"

"చేయలేరు. ప్రసారంలో మాట కింద సంగీతం ఉంది. పోలీసులకు వచ్చినదాంట్లో లేదు. సంగీతం కలపని టేపు ఎడిటర్ దగ్గరే ఉంటుంది." ఆమె అతని వైపు తిరిగింది. "ఆ టేపులో 'అబ్సొల్యూట్లీ' మధ్య తిట్టు కూడా ఉంటుంది. అలాగే వదిలేస్తే అచ్చం ఆయన మాటే అయ్యేది. కానీ పద్నాలుగేళ్ళ అలవాటు. దొంగ సాక్ష్యంలో కూడా తిట్టు ఉంచడానికి మీకు చెయ్యి రాలేదు."

ఎడిటర్ కుర్చీలో కూలబడ్డాడు. "టేపుల గదిలో సిగరెట్ పడేసింది నేనే. భయపడ్డాను. ఎంత శుభ్రమైన మాట అని జనం ఆయనకే ఉత్తరాలు రాస్తారు. ఆ నోరు రోజూ కడిగింది నేను! ఒక్కసారి, ఒక్కసారైనా నా పేరు చెప్పాడా?"

ఇన్‌స్పెక్టర్ అతన్ని తీసుకెళ్ళాడు. వ్యాఖ్యాత ఆ ఖాళీ కుర్చీనే చూస్తూ ఉండిపోయాడు.

"ఇంటికి వెళ్దామా నాన్నా?"

"అబ్సొల్యూట్లీ," అన్నాడు నెమ్మదిగా. మధ్యలో తిట్టు లేదు.

మరిది ఉలిక్కిపడి, నోటుబుక్కు తెరుస్తూ వదిన వైపు చూశాడు.

"రాసుకోకు," అంది ఆమె, కళ్ళు తుడుచుకుంటూ.