గిన్నె కడిగిపెట్టే దెయ్యం

పుంగనూరు నుంచి మదనపల్లెకి పోయే రోడ్డులో, ఊరు దాటాక ఒక మలుపుంది. మలుపులో మూతబడిన పట్టుపురుగుల షెడ్డు. రేకుల కప్పు, ఇనుప తలుపు, వెనకపక్క ఊచల కిటికీ. పగటిపూట దాన్ని మేకలు కూడా పట్టించుకోవు. రాత్రి పన్నెండు దాటిందా... అటు పోయే మొనగాళ్లందరికీ ఒక్కసారిగా భక్తి పుట్టుకొస్తుంది.

రెండేళ్లుగా ఆ షెడ్డులో ఆడదెయ్యం ఉందని పేరు. పురుగులకి మల్బరాకు వేసే కూలిమనిషి ఒకామె అందులోనే ఉరేసుకుందట. రాత్రుళ్లు ఏడుస్తుందట. పిలిస్తే వెనక్కి తిరిగినవాడు తెల్లారేలోగా నెత్తురు కక్కుకుంటాడట. ఇంత వివరంగా మాకు చెప్పింది బాలాజీ మేస్త్రీ — బెంగుళూరులో కుట్టుపనులకి, ఇళ్లలో పనులకి ఆడపిల్లల్ని కుదిర్చి పంపే ఆసామి. బస్టాండు దగ్గర టీకొట్లో కూర్చుని, అందరికీ తనే టీలు చెప్పి మరీ చెప్పేవాడు. ఊరికే టీ తాగి కథని నమ్మకపోతే మర్యాదగా ఉంటుందా? నేను పాలవ్యాను తోలేవాణ్ణి. రోజుకి రెండు టీలు తాగాను, రెండింతలు నమ్మాను.

ఇక మునిరత్నం సంగతి. వాడే నాకు చెప్పాడు. రెండుసార్లు చెప్పాడు, రెండుసార్లూ ఒకేలా చెప్పాడు. కాబట్టి నిజమే అయ్యుంటుంది.

మునిరత్నం టమోటా బండి తోలతాడు. పొద్దుగూకేటప్పుడు పల్లెల్లో క్రేట్లు ఎత్తుకుని, తెల్లారేలోగా మదనపల్లె మార్కెట్లో దించాలి. ఒక రాత్రి ఒంటిగంట దాటాక, ఇంకెక్కడా చోటు లేనట్టు, సరిగ్గా ఆ మలుపులోనే టైరు పంక్చరైంది.

దిగాడు. జాకీ పెట్టాడు. చుట్టూ చీకటి. గాలి కూడా లేదు.

"అన్నా..."

చేతిలో స్పానరు జారి కిందపడింది.

"అన్నా... ఓ అన్నా..."

షెడ్డులోంచే. ఆడగొంతు. మునిరత్నం వెనక్కి తిరగలేదు. రెండు నట్లు బిగించి, మిగతావి జేబులో వేసుకుని, ఆ రెండు నట్ల మీదే మదనపల్లె చేరాడు. చేరాడంటే అది వాడి గొప్ప కాదు, ఆ నట్ల గొప్ప.

మర్నాటికి నూటమూడు జ్వరం. వాడి మేనత్త మారెమ్మ మిరపకాయలు, ఉప్పు తిప్పి పొయ్యిలో వేసింది. ఘాటు రాలేదు, ఎవరికీ దగ్గు రాలేదు. ఆమె తల ఊపింది.

"ఆకలి దెయ్యమప్పా. నిన్ను అన్నా అనింది కదా, అంటే నీ మీద ఆశ పెట్టుకోనుండాది. మూడు రాత్రులు అన్నం పెట్టల్ల. మూడో రాత్రి ఊరూ పేరూ అడగల్ల, ఏం కావల్లో అడగల్ల. అడిగింది ఇచ్చేస్తే పోతాది."

"ఇయ్యకపోతే అత్తా?"

"ఇయ్యకపోతే ఇంట్లోకొస్తాది."

మొదటి రాత్రి టిఫిను గిన్నెలో రెండు సంగటి ముద్దలు, చెనిక్కాయల ఊరిబిండి పచ్చడి. మునిరత్నం ఇంజను ఆపలేదు. చెవుల్లో దూది కుక్కుకుని, గిన్నెని కిటికీ గట్టు మీద పెట్టి, ఒకటే పరుగు. వెనక ఏదో పిలుపు వినపడీ వినపడనట్టు... వాడు ఆగలేదు.

తిరుగుప్రయాణంలో, బాగా తెల్లారాక, గిన్నె తీసుకుందామని ఆగాడు. చెవుల్లో దూది తియ్యలేదు, కిటికీలోపలికి తలెత్తి చూడలేదు. గిన్నె ఖాళీ. ఖాళీ ఒక్కటే కాదు — కడిగి, బోర్లించి ఉంది.

వాడికి అప్పటిదాకా ఉన్న భయం ఒక రకం. అప్పుడు పుట్టింది ఇంకో రకం.

రెండో రాత్రీ అంతే. కోడికూర పెడితే ఎముకలు ఒక కాగితంలో చుట్టి పక్కన పెట్టింది. ఈ మాట వినేసరికి మారెమ్మ నోరు తెరిచింది.

"నీ పెండ్లామన్నా ఒక్కనాడైనా ఇట్లా సుబ్బరంగా గిన్నె తోమిండాదా? ఇదేదో పద్ధతైన ఆడబిడ్డప్పా. రేత్రికి నేనూ వస్తాండాను."

మూడో రాత్రి ఆమె బండి దిగుతూనే అల్లుడి చెవుల్లో దూది పీకేసింది.

"ఇంజను ఆపు."

"అత్తా..."

"ఆపమంటాండా కదా."

ఆపాడు. లైట్లు కూడా ఆరిపోయాయి. కీచురాళ్లు తప్ప ఇంకేమీ లేదు. మారెమ్మ కిటికీకి నాలుగడుగుల దూరంలో నిలబడి, చీకట్లోకి చూస్తూ, ఇంటికొచ్చిన చుట్టాన్ని అడిగినట్టు అడిగింది.

"ఎవురమ్మా నువ్వు? పేరేంది?"

లోపల ఏదో కదిలింది.

"సుప్రియ..."

"యా ఊరు?"

"బైరెడ్డిపల్లె దగ్గర అవ్వా... మాయమ్మ ఫోన్ నంబరు చెప్తాను, రాసుకోండి... తొమ్మిది, నాలుగు..."

మునిరత్నం అత్త చెంగు పట్టుకున్నాడు. "దెయ్యానికి ఫోన్ నంబరు యాడిది అత్తా?"

"నోరు మూసుకోని రాసుకో." ఆమె గొంతు మారింది. కానీ పద్ధతి పద్ధతే. మూడో మాట అడిగింది. "నీకేం కావల్లమ్మా?"

చాలా సన్నగా వినపడింది —

"నాకేం వద్దవ్వా. ఈడ ఇంగో పాప ఉండాది, అనిత. పన్నెండేండ్లు. తెల్లారేలోపల మమ్మల్ని కుప్పంలో రైలెక్కిస్తాడంట మేస్త్రీ. ఆ పిల్లనన్నా తీసకపోండి."

మారెమ్మ టార్చి వేసింది. ఊచల వెనక చింపిరి జుట్టుతో ఒక ముఖం. దాని కింద, ఊచల్ని పట్టుకున్న చిన్న వేళ్లు.

సుప్రియకి కుట్టుపని అన్నాడట. అనితకేమో పెద్దింట్లో బిడ్డని ఆడించే పని, పక్కనే బడి అన్నాడట. పదకొండు రోజులుగా తాళం వేసి, పొద్దుగూకితే ఓ బ్రెడ్డు ప్యాకెట్టు, ఓ బిందె నీళ్లు పడేసి పోతున్నాడు. రాత్రి కాపలాకి మనిషి అక్కర్లేదు. దెయ్యాన్ని పెట్టాడు కదా!

మునిరత్నం ఇంకా భయంతో బండి వైపే చూస్తున్నాడు. మారెమ్మ వాడి వీపు మీద ఒక్కటిచ్చింది.

"అడిగినాక ఇయ్యకుండా పోతే ఎట్లప్పా? జాకీరాడ్డు తీ."

తాళం నాలుగో దెబ్బకి ఊడింది. పిల్లలిద్దర్నీ బండెక్కించి, క్రేట్ల మధ్య కూర్చోబెట్టి, పైన టార్పాలిను కప్పారు. అంతలో పుంగనూరు వైపు నుంచి ఒక మోటారుసైకిల్ లైటు...

దగ్గరికొచ్చి ఆగింది. బాలాజీ మేస్త్రీ.

"ఏం రత్నం, యాల ఈడ ఆపినావు?"

మునిరత్నం టైరు వైపు వేలు చూపించాడు. టార్పాలిను కింద అనిత దగ్గు ఆపుకోలేక ఆపుకుంటోంది. మేస్త్రీ చూపు బండి వైపు తిరిగింది. ఒక అడుగు వేశాడు. ఇంకొకటి వేశాడు.

"బాలాజీ..."

పిలుపు షెడ్డులోంచి వచ్చింది. సాగదీసిన ఆడగొంతు. మారెమ్మ ఎప్పుడు లోపలికి దూరిందో అల్లుడికే తెలియదు.

"బాలాజీ... ఉరి నేనేసుకుంటినా... నువ్వే ఏస్తివా..."

ఆ కథ కట్టింది తనే. ఉరేసుకున్న మనిషే లేదని ఈ భూమ్మీద అందరికంటే బాగా తెలిసినవాడు తనే. అయినా మేస్త్రీ బండి అక్కడే పడేసి, చెప్పులు రోడ్డుకొకటి, కాలవకొకటి వదిలి, చేలకి అడ్డంపడి పరుగెత్తాడు. జుట్టు విరబోసుకుని మారెమ్మ బయటికొచ్చింది. నవ్వుతూ రాలేదట, ఏడుస్తూ వచ్చిందట.

ఆ రాత్రి టమోటాలు మార్కెట్టుకి పోలేదు, నేరుగా పోలీస్ స్టేషనుకి పోయాయి. ఆ నంబరుకి ఫోన్ చేస్తే సుప్రియ తల్లి సరోజమ్మ, "మా పాప బెంగుళూర్లో మిషను కుడతాండాది, మేస్త్రీ చెప్తానే ఉండాడు, మీరెవురు?" అంది. కూతురు ఫోన్ అందుకుని "అమ్మా" అంది. అటుపక్క ఏడుపొకటేనట.

మేస్త్రీ రెండో రోజు పలమనేరులో దొరికాడు. అంతకుముందు ఆ షెడ్డులో ఉంచి దాటించినవాళ్ల పేర్లు ఏడు చెప్పాడు. నలుగురు ఇళ్లకొచ్చారు. ముగ్గురి కోసం ఇంకా వెతుకుతున్నారు.

ఇదంతా వాళ్ల సంగతి. నా సంగతి ఒకటుంది. ఇంతవరకు ఎవరికీ చెప్పలేదు.

మొన్న వాంగ్మూలానికని సుప్రియ పుంగనూరు వచ్చింది. మారెమ్మ ఆమెని టీకొట్టుకి తీసుకొచ్చింది. నేను వ్యాను వెనక్కి తీస్తూ, అడ్డంగా ఉన్న ఆటోని జరగమని ఒకసారి హారన్ కొట్టాను. ఆ పిల్ల చేతిలో టీ ఒలికిపోయింది.

"అన్నా, ఈ హారన్ మీదేనా?"

"అవునమ్మా."

"రోజూ తెల్లారుజామున ఆ మలుపులో వస్తాంటిరి కదా. మీ బండి సప్పుడు ఇనపడితే సాలు, ఇద్దరమూ కిటికీ పట్టుకోని కేకలేస్తాంటిమి. అంతలో మీరు హారన్ కొడతాంటిరి. ఆ సప్పుడులో మా కేక మీకి ఇనపడి ఉండదులేన్నా."

ఆమె మాటల్లో నిష్ఠూరం లేదు. నన్ను ఓదారుస్తున్నట్టే అంది.

"లేదమ్మా," అన్నాను. "వినపళ్లేదు."

వినపడేది. రోజూ వినపడేది. అది వినపడకూడదనే హారన్ కొట్టేవాణ్ణి.