ఆడపడుచు ముఖం

"ఇది నా కూతురా? నీ పెళ్ళాం ముక్కు తెచ్చి నా బిడ్డకి అతికించావు కదరా!"

అత్తగారి అరుపుకు కోడలి చంకలోని పాప ఉలిక్కిపడి ఏడుపు అందుకుంది. కోడలు పాపను భుజాన వేసుకుని జోకొడుతూ గుమ్మంలోనే నిలబడిపోయింది. కిటికీ పక్కన, ఇంకా రంగు ఆరని బొమ్మ ముందు భర్త తల దించుకుని ఉన్నాడు. వారమంతా నిచ్చెనెక్కి దుకాణాలకు బోర్డులు రాసే మనిషి, సెలవు దొరికితే చాలు, నాలుగు నెలలుగా ఆ ఒక్క ముఖాన్నే గీస్తున్నాడు, చెరిపేస్తున్నాడు, మళ్ళీ గీస్తున్నాడు... తొమ్మిదేళ్ళ కిందట, తమ దేశంలో ప్రభుత్వం కూలిన నెలలో, సైనికులు ఇంట్లోంచి లాక్కుపోయిన చెల్లెలి ముఖం! ఆ తర్వాతే తల్లీకొడుకులు కట్టుబట్టలతో సరిహద్దు దాటి ఈ పరాయి ఊరు చేరారు. వచ్చే ఆదివారం, తమలా వచ్చినవాళ్ళంతా తిరిగిరాని తమవాళ్ళ బొమ్మలతో ప్రదర్శన పెడుతున్నారు. అందరి దగ్గరా ఫొటోలున్నాయి. వీళ్ళ దగ్గర ఒక్కటీ లేదు.

పెళ్ళి ఈ ఊళ్ళోనే జరిగింది కనుక కోడలు ఆ ఆడపడుచును ఎన్నడూ చూడలేదు. అయినా "కాస్త అలా కూర్చో, చెంప మీద వెలుగు చూస్తా" అని భర్త అడిగినప్పుడల్లా పాపకు పాలిస్తూనే కూర్చుంది. అతని చూపు తన మీద, వెతుకులాట ఇంకొకరి కోసం... ఆ బరువు ఎవరితో చెప్పుకుంటుంది!

"నన్నేం చెయ్యమంటావమ్మా!" అతను కుంచె కింద పడేశాడు. "దాని నవ్వు వినిపిస్తుంది. ముఖం మాత్రం రావట్లేదు! నువ్వన్నా చెప్పు, ముక్కు ఎలా ఉండేది? కళ్ళు?"

అత్తగారు మంచం పట్టె పట్టుకుని మెల్లగా కూలబడింది.

"నాకూ గుర్తు లేదురా... ఫొటోలు దారిలో పోయాయని నీకు అబద్ధం చెప్పాను. అన్నీ నేనే పొయ్యిలో పెట్టాను! ఫొటోలు పట్టుకుని ఇల్లిల్లూ వెతుకుతున్నారంటే, వాళ్ళకి దొరక్కూడదని కాల్చేశాను... వాళ్ళకేమో పిల్లే దొరికింది. నాకే దొరక్కుండా పోయింది!"

కన్నబిడ్డ ముఖం మరిచిపోవడం కన్నా ఏ తల్లికైనా వేరే శిక్ష ఉంటుందా! కోడలు పాపను పక్క మీద పడుకోబెట్టి, వచ్చి అత్తగారి కాళ్ళ దగ్గర నేల మీద కూర్చుంది.

"ముఖం పోనివ్వండి అత్తయ్యా. పొద్దున్నే ఆమెకి మీ చేత్తో ఏం చేసేవారు?"

"ఏముంది... జడ వేసేదాన్ని. 'లాగకమ్మా, నెత్తి ఊడొస్తుంది' అని ఒకటే గోల!"

కోడలు తన జుట్టు ముడి విప్పి, వీపు తిప్పి కూర్చుంది.

అత్తగారి వేళ్ళు కాసేపు గాల్లోనే ఆగాయి. తర్వాత జుట్టులోకి దిగాయి. "కాస్త వంగు, అది నీకన్నా పొట్టి... సుడి ఇక్కడ. పాపిడి ఎటు తీసినా ఎడమకే జారేది. ఈ చెవి దొప్పలా బయటికొచ్చేది, ఏనుగుపిల్లా అంటే అలిగేది... ఒరే, గుడ్లప్పగించి చూస్తావేం? గీయి!"

అతను కొత్త కాన్వాసు అందుకున్నాడు. పాయ మీద పాయ పడుతూ జడ చివరికొచ్చింది. కోడలు వెనక్కి చెయ్యి చాపి రిబ్బను ఇచ్చింది. అత్తగారు తీసుకోలేదు.

"అప్పుడే వద్దే... కట్టగానే లేచి వెళ్ళిపోతుంది!"

కోడలి మెడ నొప్పితో బిగుసుకుపోయింది. ఆకలికి పాప గుక్కపెట్టి ఏడ్చింది. అయినా ఆమె కదల్లేదు... కళ్ళ నీళ్ళు మాత్రం ఒళ్ళో పడుతున్నాయి.

పాప ఏడుపు గది నిండింది. అత్తగారు ఒకసారి కాన్వాసు వైపు చూసింది. అక్కడ వీపు తిప్పుకున్న పిల్ల, రెండు ముసలి చేతులు, ఇంకా ముడి వేయని జడ చివర...

ఆవిడ రిబ్బను తీసుకుని గట్టిగా ముడి వేసింది.

"లే తల్లీ... నీ బిడ్డ ఏడుస్తోంది."