మూడు వారాల ఎలుగుబంటి

కొత్త నటుడు మా రిహార్సల్ గదిలో అడుగుపెట్టిన రోజే నా కడుపులో మంట మొదలైంది.

మాది వారం వారం టీవీలో వచ్చే పేరడీ షో. సినిమాలు, సీరియళ్లు, పాటల పోటీలు, దేన్నీ వదలం. స్కిట్లు రాసేది నేను. వాటిలో హీరోయిన్లందర్నీ అచ్చుగుద్దినట్టు దించేసేది మా షో నటి. రెండేళ్లుగా ఆమె నవ్వుతుందనే ఆశతోనే రాస్తున్నాను. చెప్పే ధైర్యం మాత్రం లేదు.

ఆ ఆరడుగులవాడు వచ్చీరాగానే ఆమెతో ఏదో అన్నాడు. పడీపడీ నవ్వింది. నేను రాయని జోకుకి!

అంతే, ఆ వారం సినిమా పేరడీలో అతనికి ఎలుగుబంటి వేషం రాశాను. తర్వాతి వారం వంటల పోటీలో జడ్జి ఎలుగుబంటి. మూడోవారం కోర్టు సీరియల్‌లో సాక్షి కూడా ఎలుగుబంటే.

షూటింగ్ మధ్యలో ఆమె విసురుగా నా టేబుల్ దగ్గరికి వచ్చింది.

"రైటర్‌గారూ, అతని మొహం జనానికి ఎప్పుడు చూపిస్తావ్?"

"ఎలుగుబంటికి రేటింగ్ బాగుంది."

"ఆ వేషంలో ఉక్కపోసి ఇప్పుడే కళ్లు తిరిగి పడిపోయాడు, తెలుసా? అసలు నిన్నేం చేశాడతను?"

నా తల కిందికి దిగిపోయింది. మేకప్ గదికి వెళ్లాను. తడి తువ్వాలు నుదుటిమీద వేసుకుని పడుకున్న అతనికి, సిగ్గు విడిచి, జరిగిందంతా చెప్పేశాను. అతను తువ్వాలు తీసి లేచి కూర్చున్నాడు.

"ఈసారి మనిషి వేషం రాయండి గురూ, చాలు" అన్నాడు.

రాశాను. హీరో వేషమే. ఆమెకి ప్రేమ చెప్పే సీను. నా గుండెలో దాచుకున్న మాటలన్నీ తీసి అతని నోట్లో పెడుతుంటే ఒళ్లు భగ్గుమంది. అయినా ఒక్క ముక్క కొట్టెయ్యలేదు. ఆమె జవాబు దగ్గర మాత్రం ఖాళీ వదిలేశాను.

మర్నాడు అందరం బల్లచుట్టూ కూర్చున్నాం. అతను చదివాడు. ఎవరూ నవ్వలేదు.

"ఇందులో జోకెక్కడయ్యా?" అన్నాడు డైరెక్టర్.

"లేదు సార్" అన్నాను.

కొత్త నటుడు కాగితం నా ముందుకు తోశాడు. "ఇవి నా డైలాగులు కావు సార్. ఓనర్ ఇక్కడే ఉన్నాడు."

ఆమె నావైపు తిరిగింది. చెవులదాకా ఎర్రబడింది.

"నువ్వు చెప్పు."

లేచాను. కాగితం చూడకుండానే చివరిదాకా చెప్పాను.

"నా లైను ఖాళీగా ఉంచావేం?" అంది ఆమె.

"నీ తరఫున నేనెలా రాస్తాను?"

"రెండేళ్లు పట్టిందా ఇంతమాత్రానికి!" అంటూ నా చెయ్యి పట్టుకుంది.

డైరెక్టర్ కళ్లజోడు తీసి, ఆ పేజీకి అడ్డంగా పెన్నుతో గీత కొట్టాడు.

"ఈ సీను షోకి పనికిరాదు. మీరిద్దరే ఉంచుకోండి."