మస్తానమ్మ అంటే తాగుబోతా?

ఆదివారం పొద్దున పీరమ్మ వాకిట్లో కాళ్ళు చాపుకుని, మనవరాలిని కాళ్ళ మీద పడుకోబెట్టి నూనె రాస్తోంది. పెనుకొండలో ఆ దూదేకుల ఇంట్లో తాతల నాటి నుంచీ మాట్లాడేది తెలుగే. మధ్యాహ్నం పాపకు పేరు పెట్టాలి.

"మస్తానమ్మా, నవ్వుతాండావా తల్లీ?"

ఆ మాట వినగానే కొడుకు ఫక్రుద్దీన్ లోపలి నుంచి విసురుగా వచ్చాడు. "ఎన్నిసార్లు చెప్పల్ల నీకు? ఆ పేరుతో పిలవద్దని!"

"మీ అక్క పేరప్పా. నిన్ను చంకనేసుకుని పెంచింది. కామెర్లొచ్చి పాయె. దాని పేరు ఇంట్లో వినపడనీ అంటాండా, అంతే."

"అది అరబీ పేరే కాదు, ఫార్సీది. మస్త్ అంటే మత్తు. నా బిడ్డను తాగుబోతు అని పిలవమంటావా?"

పీరమ్మ చెయ్యి పాప పొట్ట మీదే ఆగిపోయింది. "దేవుని ధ్యాసలో ఒళ్ళు మరిచినోళ్ళను మస్తాన్ అంటార్రా. దర్గాలో మొక్కుకుంటే పుట్టింది మీ అక్క."

"ఆ మొక్కులే మనల్ని నవ్వులపాలు చేస్తాండేది! మీరు పేరుకే సాయిబులని ఫ్యాక్టరీలో నా మొగం మీదే అంటాండారు. నా బిడ్డ ఆ మాట పడకూడదు."

హిందూపురంలో వేయించిన ఫ్లెక్సీ అప్పటికే గేటుకు కట్టి ఉంది. దాని మీద పెద్ద అక్షరాలతో 'జానియా' అని ఉంది.

"ఆ పేరు గురించి మసీదులో హజ్రత్‌ను అడిగినావా?" అంది భార్య గౌసియా.

"ఎందుకు? అందగత్తె అని వెబ్‌సైట్లో ఉండాది. నువ్వు మీ అత్త పక్కనా?"

"నేను పాప పక్క. మనం 'జ' అని రాసేదానికి అరబీలో శానా అక్షరాలుండాయి. ఏది రాస్తే ఏ అర్థమొస్తాదో." ధర్మవరంలో చిన్నప్పుడు మదరసాకు పోయి ఆ అక్షరాలు దిద్దిన మనిషి ఆమె.

పీరమ్మ పాపను కోడలికి అందించి లోపలికి పోయింది. రెండు చీరలు సంచిలో పెట్టుకుని వచ్చింది. "ధర్మవరం పోతాండా, మా చెల్లెలింటికి. తాగుబోతును కన్నదాన్ని, మీ పండగలో నేనెందుకు?"

"పో! ఎవరు పట్టుకున్నారు నిన్ను?"

గౌసియా వెబ్‌సైట్లో అరబీ అక్షరాలతో ఉన్న పేరును ఫోటో తీసి హజ్రత్‌కు పంపి, ఫోన్ చేసి స్పీకర్ పెట్టింది.

ఫోటో చూసిన హజ్రత్ గొంతు నెమ్మదిగా వచ్చింది. "ఫ్లెక్సీ కట్టినారా? ముందు దించండి. ఈ అక్షరాలతో రాస్తే చెడు నడత ఆడదని అర్థం. ఎవరో రాసింది చూసి బిడ్డకు పెడతారా అప్పా? అయినా పేరు అరబీదే కావల్లని ఎవరు చెప్పినారు? అర్థం మంచిదైతే చాలు."

ఫక్రుద్దీన్ గేటు దగ్గరికి పోయి ఫ్లెక్సీని తాళ్ళతో సహా లాగి పడేశాడు. చెప్పులేసుకుంటున్న తల్లికి అడ్డంగా నిలబడ్డాడు.

"అమ్మా, పోవద్దు. అక్క పేరే పెడదాం."

"వద్దు. నువ్వన్న మాట ఆ పేరుకు అంటుకుంది. బిడ్డను పిలిచినప్పుడంతా నాకు అదే వినపడతాది."

అతను అక్కడే నేల మీద కూలబడి తల్లి కాళ్ళు పట్టుకున్నాడు. "తను తినేది తినకుండా నాకు పెట్టిన అక్కను తాగుబోతంటినే!" అంటూ వెక్కివెక్కి ఏడ్చాడు.

పీరమ్మ వెంటనే లేపలేదు. సంచి పట్టుకుని చాలాసేపు అలాగే నిలబడింది. చివరికి కొంగుతో కళ్ళు తుడుచుకుంది. "లెయ్. సుట్టాలొచ్చే పొద్దాయె. పేరు దాని తల్లిని పెట్టనీ."

గౌసియా లోపలికి పోయి హజ్రత్‌తో మళ్ళీ మాట్లాడి వచ్చింది. "ఇనాయా అనుకుంటాండా అత్తా. ఆదరంగా చూసుకునేదని అర్థమంట. హజ్రత్ సరేనన్నాడు."

పీరమ్మ సంచి కింద పెట్టి చేతులు చాపింది. "రా తల్లీ, ఈనాయమ్మా!"

'ఇనాయా' అని సరిదిద్దబోయి ఫక్రుద్దీన్ ఆగిపోయాడు. తల్లి పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాడు.

"ఈనాయమ్మా" అని తనూ పిలిచాడు.