నీ బదులు ఎవరో ఒకరు

మధ్యాహ్నం పూట ఆ సెలూన్‌లో పెద్దగా పని ఉండదు. పొద్దుటి గడ్డాలు అయిపోతాయి, సాయంత్రం క్రాపులకి ఇంకా టైముంటుంది. ఎదురెదురు గోడలకి పెద్ద అద్దాలు, మధ్యలో రెండు కుర్చీలు. తడి తువ్వాళ్ళ వాసన మీద పౌడరు వాసన, దాని మీద లోషను వాసన. ఫ్యాను ఇటు తిరిగినప్పుడల్లా నేల మీది వెంట్రుకలు కాస్త కదిలి మళ్ళీ పడుకుంటాయి.

మొదటి కుర్చీ బావది, రెండోది బావమరిదిది. కొట్టు ఇద్దరిదీ, కష్టం మాత్రం బావది. బావమరిది తన కుర్చీలో కస్టమర్లని కూచోబెట్టడం కంటే తను కూచునేదే ఎక్కువ. కాళ్ళు అద్దం కింది బల్ల మీద పెట్టి, చెవుల్లో ఇయర్‌ఫోన్లు దోపుకుని, ఫోన్‌లో తుపాకుల ఆట ఆడేవాడు. ఇటు ఐదుగురు, అటు ఐదుగురు, అంతా ముక్కూ మొహం తెలియనివాళ్ళు. అందులో అతను పెట్టుకున్న పేరు గెలుపుగుర్రం. ఆ పేరు కొట్లోకి కూడా పాకి, చివరికి బావతో సహా అందరూ గుర్రం అనే పిలవడం మొదలెట్టారు.

గుర్రానికి ఓటమన్నది లేదు. ఓడిపోయేలా ఉంటే ఆటలో ఉండడు మరి. మధ్యలో వదిలేసి వెళ్ళిపోతే ఓటమి లెక్కలోకి రాదు, కాసేపు మళ్ళీ ఆడనివ్వరు, అంతే. ఐదు నిమిషాల జరిమానా. అదే పనిగా వదిలేస్తుంటే అది పెరుగుతూ పోతుంది. మిగిలిన నలుగురూ నోటికొచ్చినట్టు తిట్టేవాళ్ళు. అతను నవ్వుకుంటూ వెళ్ళి టీ తాగొచ్చేవాడు.

ఆ రోజు బావ కుర్చీలో ఉన్నది పోస్టాఫీసులో చేసి రిటైరైన పెద్దాయన. మొహం నిండా నురగ, తల వెనక్కి వాల్చి కళ్ళు మూసుకున్నాడు. పక్క కుర్చీలో గుర్రం జట్టు చిత్తుగా ఓడిపోతోంది. అతని బొటనవేలు అలవాటుగా బయటికి వెళ్ళే గుర్తు మీదికి పోయింది.

"వెళ్ళకు అన్నా," అంది చెవిలో ఒక గొంతు.

మెత్తటి గొంతు. మగో ఆడో తెలియడం లేదు. జట్టులో ఆ మనిషి పేరుండాల్సిన చోట ఖాళీగా ఉంది.

"నువ్వెళ్తే నీ బదులు ఎవరో ఒకరు రావాలి కదా."

"ఎవర్నైనా పెట్టుకో. నాకేం?"

"మాటేనా?"

"మాటే," అని వేలు నొక్కేశాడు.

తెర నల్లబడింది. జరిమానా ఐదు నిమిషాలు అని వచ్చింది. దాని కింద అతను ఇదివరకెప్పుడూ చూడని ఇంకో వాక్యం ఉంది. మీ బదులు వేరొకరు ఆడుతున్నారు.

ఇదేంటా అనుకుంటూ ఇయర్‌ఫోన్లు తీశాడు. కొట్లో చప్పుడు లేదు. గడ్డం మీద కత్తి గీరుకునే చప్పుడు ఆగిపోయింది.

బావ నిలబడే ఉన్నాడు. కత్తి పెద్దాయన గొంతు మీద, సరిగ్గా కంఠం ముడి కింద ఆగి ఉంది. బావ కళ్ళు తెరిచే ఉన్నాయి. చూపు మాత్రం లేదు. అద్దంలో పెద్దాయన కళ్ళు తెరుచుకున్నాయి. ఆయన మింగిన గుటకకి కత్తి కింద సన్నగా ఎర్రటి గీత లేచింది.

"బాబూ..." అన్నాడు పెదాలు కదపకుండా. "మీ బావ... చెయ్యి తీయించు."

గుర్రం ఒక్కో వేలూ విడదీశాడు. వేళ్ళు వెచ్చగానే ఉన్నాయి. కానీ ఎవరూ లేని ఇంటి తలుపు తీస్తున్నట్టుంది. పెద్దాయన సగం గీసిన గడ్డంతో, మెడకి తువ్వాలతో వీధిలోకి పరిగెత్తాడు. మళ్ళీ ఆ కొట్టు గడప తొక్కలేదు.

జరిమానా తీరిన క్షణాన బావ నీళ్ళలోంచి లేచినట్టు ఒక్కసారి గాలి పీల్చి కూలబడ్డాడు.

"ఏదో గోదాములాంటి చోటురా," అన్నాడు. "తుప్పు వాసన. గుర్రం, గుర్రం అంటూ ఎవరో వెతుకుతున్నారు. నేను గుర్రాన్ని కాదు మొర్రో అన్నా వినలేదు. దొరికాక..."

బావ ఒంటి మీద చిన్న గాటు కూడా లేదు. కానీ లేపుదామని గుర్రం అతని పక్కటెముకల మీద చెయ్యి వేస్తే పసిపిల్లాడిలా మూలిగాడు.

మొదట గుర్రానికీ భయమే వేసింది. కాదనడం ఎందుకు? ఆ రోజంతా ఫోన్ జోలికి పోలేదు. మర్నాడు మాత్రం, నిజమా కాదా తేల్చుకుందామని ఆట మొదలుపెట్టి మధ్యలో వదిలేశాడు. ఈసారి తెర మీద కన్ను బొమ్మ ఒకటి కనిపించింది. నొక్కాడు. తను వదిలేసిన ఆట కనిపించింది. తన బొమ్మ ఎడమ మోకాలు ఈడ్చుకుంటూ ఇనప పెట్టెల మధ్య పరిగెడుతోంది. పక్కన చూస్తే, చీపురు పట్టుకుని కొయ్యబారి నిలబడ్డ బావ. ఎడమ మోకాలు నొప్పి బావకే.

వెతికేవాళ్ళ దగ్గర తుపాకులున్నాయి. ఒక్కరూ వాడలేదు. అవి గోడకి ఆనించి, చేతులతో వచ్చారు.

గుర్రం చూస్తూ కూచున్నాడు. ఎక్కడో లోపల నవ్వు మొదలైంది. కస్టమర్ల ముందు "ఈ కొట్టు నా చేతుల మీద నడుస్తోందిరా, నీ బొటనవేళ్ళ మీద కాదు" అని బావ అన్న మాటలు గుర్తొచ్చాయి. ఆ నవ్వు పొట్ట పట్టుకునేదాకా పోయింది. లేచి వెళ్ళి, కదలకుండా ఉన్న బావ కనుబొమల మీద నురగ పూశాడు. ముక్కు కొనకి కొంచెం పెట్టాడు. అద్దంలో చూసి ఇంకా నవ్వాడు.

ఆ తర్వాత అదొక అలవాటైంది. బావ ఏదైనా అంటే చాలు, ఫోన్ తీసేవాడు. ఓడిపోకపోయినా వదిలేసేవాడు. జరిమానా అరగంటయింది, ఆపైన గంటయింది. తిరిగొచ్చిన ప్రతిసారీ బావ కొంచెం తగ్గి వచ్చేవాడు. ముందు చేతులు వణకడం మొదలైంది. ఒకాయన చెవి తెగింది. తర్వాత మాట తగ్గింది. ఒక మధ్యాహ్నం షట్టరు సగానికి దించి, గుర్రం ముందు నేల మీద కూచున్నాడు.

"నీ కాళ్ళు పట్టుకుంటాన్రా," అన్నాడు. "ఆడితే చివరిదాకా ఆడు. లేదా ఆడకు. అక్కడ చావు రాదురా. వస్తే బాగుండును, రాదు."

"నేనేం చేశాను బావా? నీ మీద చెయ్యి కూడా వెయ్యలేదే."

మర్నాటి నుంచి బావ రాలేదు. గోడ వైపు తిరిగి కూచుంటున్నాడని, పేరు పెట్టి పిలిస్తే మంచం కిందికి దూరుతున్నాడని అక్క ఫోన్‌లో ఏడ్చింది. గుర్రం ఊఁ కొట్టి పెట్టేశాడు. ఇక ఒక్కడే కాబట్టి భయం లేదనుకున్నాడు. ఖాళీ కొట్లో కూచుని ఆడాడు. ఓడిపోబోయాడు, వదిలేశాడు. అద్దాల్లో తను తప్ప ఎవరూ లేరు. కానీ వాక్యం మాత్రం వచ్చింది. మీ బదులు వేరొకరు ఆడుతున్నారు.

పక్క కొట్లో ఇస్త్రీ చేసే ఆయన అప్పుడే చొక్కా మీద పెట్టె ఆన్చి ఉన్నాడట. రెండో అరచెయ్యి కూడా దాని కిందే ఉందట. మాంసం కాలిన వాసనకి వీధిలో వాళ్ళు వచ్చి లాగేదాకా ఆయన కదల్లేదట. గుర్రం అయ్యో పాపం అన్నాడు. నిజంగానే అన్నాడు. ఆ పైన, ఈసారి ఇంకాస్త దూరం చూసుకోవాలి అనుకున్నాడు.

ఆదివారం సాయంత్రం. పొద్దుటి నుంచీ ముసురు. భార్య మందుల షాపులో పని చేస్తుంది, ఆమె రావడానికి ఇంకా టైముంది. ఒకటో క్లాసు చదివే కూతురు మంచం చివర కూచుని బొమ్మలకి రంగులేస్తోంది. గుర్రం మామూలుగానే మొదలుపెట్టాడు. గెలుస్తాననే మొదలుపెట్టాడు. ఆట సగానికొచ్చేసరికి అంతా తలకిందులైంది.

"పాపా, మేడ మీది ఆంటీ వాళ్ళింట్లో కుక్కపిల్లని చూస్తానన్నావుగా. వెళ్ళి ఆడుకో."

"వాన తగ్గాక వెళ్తా."

"ఇప్పుడే వెళ్ళు. చెప్తున్నాగా."

చెప్పుల చప్పుడు గుమ్మం దాటింది. మెట్లెక్కింది. మేడ మీదివాళ్ళకి ఏమైనా అవుతుందేమోనన్న ఆలోచన రాకపోలేదు. వచ్చింది, పోయింది.

"అన్నా," అంది మెత్తటి గొంతు. "ఈసారి వద్దు. దగ్గర ఎవరున్నారో చూసుకో."

గుర్రం లేచి చూశాడు. వంటగది ఖాళీ. స్నానాలగది ఖాళీ. తలుపు దగ్గరికేసి ఉంది. బయట వాన.

"ఎవరూ లేరు," అన్నాడు.

"సరిగ్గా చూశావా?"

వేలు నొక్కాడు.

తెర నల్లబడింది. జరిమానా రెండు గంటలు. మీ బదులు వేరొకరు ఆడుతున్నారు.

వాన చప్పుడు. ఎక్కడో గొట్టంలోంచి నీళ్ళు కారే చప్పుడు. మేడ మీద కుక్కపిల్ల మొరిగింది. ఎవరో దాన్ని ముద్దుగా కసిరారు. అంటే మేడ మీదివాళ్ళు బాగానే ఉన్నారు. గుర్రం ఊపిరి పీల్చుకున్నాడు.

అప్పుడు చూశాడు. బీరువా పక్కన గుడ్డ తెర. తెర కింద రెండు చిన్న పాదాలు. తడి పాదాలు...

తెర పక్కకి లాగాడు. పాప మునివేళ్ళ మీద నిలబడి ఉంది. ఒక చెయ్యి నోటికి అడ్డం. బుగ్గలు ఉబ్బి, వచ్చే నవ్వు బిగబట్టుకుని ఉంది. సగం మెట్లెక్కి, చెప్పులక్కడ వదిలేసి, నాన్నని భయపెడదామని అడుగులో అడుగేసుకుంటూ తిరిగొచ్చిన పిల్ల. కళ్ళలో ఎవరూ లేరు.

"పాపా... తల్లీ..."

ఊపాడు. చెంప మీద కొట్టాడు. తల అటు ఊగి, ఇటు ఊగి, మళ్ళీ నిలబడింది. ఫోన్ అందుకున్నాడు. తిరిగి ఆటలో చేరే గుర్తు బూడిద రంగులో ఉంది, ఎంత నొక్కినా కదల్లేదు. ఇక కన్ను బొమ్మ నొక్కాడు.

గోదాము. తన బొమ్మ మధ్యలో నిలబడి చుట్టూ చూస్తోంది. చుట్టూ జట్టు మనుషులు నలుగురు ఉన్నారు. తుపాకులు కింద పెట్టి, గోడవారగా నిలబడి చూస్తున్నారు.

"నాన్నా?" అంది ఇయర్‌ఫోన్‌లో పాప.

"ఇక్కడున్నానమ్మా, ఇక్కడే ఉన్నా," అన్నాడు. వినపడలేదు. చూసేవాళ్ళ మాట ఆడేవాళ్ళకి వినపడదు.

"పాపా," అంది మెత్తటి గొంతు. "మీ నాన్న వెళ్ళిపోయాడు. ఆయన బదులు నువ్వు ఆడాలి."

"ఏం ఆట?"

"దాగుడుమూతలు. ఐదుగురు వెతుకుతారు. దొరక్కూడదు."

పాప కిసుక్కున నవ్వింది. పాపకి ఆ ఆటంటే ప్రాణం. చిన్న చిన్న అడుగులతో పరిగెత్తి ఒక ఇనప పెట్టెలో దూరి మూత వేసుకుంది. తెర మీద గుర్రానికి పెట్టె లోపల కనిపిస్తోంది, బయటా కనిపిస్తోంది. బూట్లు వస్తున్నాయి. పెట్టె ముందు ఆగాయి... ముందుకెళ్ళాయి... మళ్ళీ వెనక్కొచ్చాయి. లోపల పాప నోరు మూసుకుని నవ్వాపుకుంటోంది. కాసేపటికి ఆ నవ్వు ఆగిపోయింది.

"నాన్నా, ఇక్కడ వాసనొస్తోంది," అంది చాలా చిన్నగా.

గుర్రం నేల మీద కూచుని, ఒక చేత్తో పాప చల్లబడుతున్న పాదం పట్టుకుని, రెండో చేత్తో ఫోన్ పట్టుకుని, ఆ రెండు గంటలూ చూశాడు. ఏ దేవుణ్ణీ వదల్లేదు. బావకీ దణ్ణం పెట్టుకున్నాడు. మూత ఎవరూ తియ్యలేదు.

జరిమానా తీరిన క్షణాన, పట్టుకున్న పాదం కదిలింది.

"భౌ," అంది పాప.

గుర్రం పాపని గుండెకి హత్తుకుని ఏడ్చాడు. పాప అతని మెడ చుట్టూ చేతులేసి, వీపు నిమిరింది. తలుపు తోసుకుని భార్య వచ్చింది, గొడుగు దులుపుతూ.

"ఏంటండీ, ఇద్దరూ నేల మీద?"

"భయపెట్టాను నాన్నని," అంది పాప.

"మంచి పని చేశావు. రా, ఆకలేస్తోందా?"

తల్లీ కూతుళ్ళు వంటగదిలోకి వెళ్ళారు. స్టవ్ వెలిగిన చప్పుడు. గిన్నె చప్పుడు. పాప ఏదో అంటోంది, తల్లి నవ్వుతోంది. గుర్రం మొహం తుడుచుకుని, ఆ ఆటని ఫోన్‌లోంచే తీసిపారేద్దామని తెర వైపు చూశాడు.

ఆట ఇంకా నడుస్తోంది.

అదే పెట్టె. లోపల ముడుచుకుని కూచున్న తన బొమ్మ. ఇయర్‌ఫోన్ చెవిలోంచి జారి ఛాతీ మీద వేలాడుతోంది. మళ్ళీ పెట్టుకున్నాడు.

"నాన్నా," అంది పాప గొంతు, ఏడుపు మింగుతూ. "ఇంకా వెతుకుతున్నారు. నేను బయటికి రావచ్చా?"

వంటగదిలో నవ్వు ఆగింది.

గుర్రం ఫోన్‌ని పెదాలకి ఆనించాడు. "రాకమ్మా," అన్నాడు ఊపిరితో. "అక్కడే ఉండు..."

వినపడిందో లేదో తెలియదు. పెట్టె బయట బూట్లు మాత్రం ఆగిపోయాయి. ఐదు జతలూ. ఏదో వినడానికన్నట్టు, ఐదుగురూ తలలు ఒకే పక్కకి వంచారు.

వంటగది గుమ్మంలో పాప నిలబడి ఉంది. చేతిలో బ్రెడ్డు ముక్క, మూతికి పాల మీగడ. తల్లికి వినపడకుండా, మునివేళ్ళ మీద అతని దగ్గరికి వచ్చింది. అతని భుజం మీద చెయ్యి వేసి, చెవి దగ్గర నోరు పెట్టింది.

"నాన్నా," అంది. "ఏ పెట్టెలో ఉంది?"