విప్పని పొడుపు

'రేవు' అన్న పదం ఎలా పుట్టిందో తేలి, దానికి మూలముద్ర పడింది. దానికి చెప్పుకునే మిగతా మూలాలన్నీ జనం స్మృతిపొరల్లోంచి ఆ క్షణమే చెరిగిపోయాయి. హైమవతి తెర తుడిచి తర్వాతి పదాన్ని పిలిచింది: పొడుపుకథ.

"వకుళ ప్రతిపాదన అందింది. సమ్మతమే," అంది తెరలోంచి నిర్ణేత యంత్రం.

వకుళ హైమవతికి ఇంట్లో తోడికోడలు, పదాల పుట్టుక తేల్చే ఈ మూలశాలలో పక్క బల్ల. వకుళ పెట్టే చారుకి అత్తగారు వంక పెట్టరు, వకుళ చెప్పే మూలానికి నిర్ణేత వంక పెట్టదు. అత్తగారిదంటే పెద్దతనం అనుకోవచ్చు. యంత్రానికేం రోగం?

"పొడవడంలోంచే వచ్చిందక్కా," అంది వకుళ. "వేలితో పొడిచినట్టు ప్రశ్న బుర్రని పొడుస్తుంది. ఇంకేముంటుంది?"

"మా అమ్మమ్మ పొద్దు పొడుపులోంచి వచ్చిందనేది. జవాబు చీకట్లోంచి మెల్లిగా పైకొస్తుందని."

"బాగుంది, పాపం."

ఆ 'పాపం' హైమవతికి మిరపగింజలా పంటి సందున ఇరుక్కుంది. ముద్ర పడితే అమ్మమ్మ మాట తన తలలోంచి కూడా పోతుంది. వకుళ మాట మాత్రం లోకమంతా ఉంటుంది.

"ఆక్షేపణలున్నాయా?" నిర్ణేత ఆనవాయితీగా అడిగింది. ఉన్నాయని ఇంతవరకూ ఎవరూ అనలేదు.

"ఉంది. ముందు ఒక పొడుపుకథ విప్పి, తర్వాత ముద్ర వెయ్యి," అంది హైమవతి. "తలుపు లేని గదిలో తడవని దుప్పటి. కప్పుకుంటే చలి, మడిస్తే ఆకలి. ఏమిటది?"

నిర్ణేత ఒక్క గుక్కలో వందల జవాబులు కురిపించింది.

"అలా కాదు. ఒక్కటే చెప్పాలి. లేదా ఓడిపోయానని ఒప్పుకోవాలి. అప్పుడే అడిగినవాళ్ళు విప్పుతారు. పిల్లలాటలోనైనా ఇదే పద్ధతి."

తెర మసకబారింది. నిర్ణేత ఎన్నడూ ఓడదన్న నమ్మకం మీదే ముద్రలన్నీ నిలబడ్డాయి.

వకుళ కుర్చీ జరుపుకుని వచ్చింది. కాపురానికొచ్చిన నాటినుంచి హైమవతిని ఏదీ అడిగి ఎరగదు. "అక్కా, నా చెవిలో చెప్పవూ?"

"ఓడిపోయానని అను, చెప్తా."

"ఛీ! నేనా?" వకుళ మూతి బిగించింది.

నిర్ణేత బిగించుకోలేకపోయింది. తెలుసుకోవాలన్న ఆరాటం దానికి పుట్టుకతో పెట్టిందే.

"ఓడిపోయాను," అంది.

గోడ పొడవునా ముద్రలు టపటపా ఊడాయి. చెరిగిన మూలాలన్నీ జనం తలల్లోకి తిరిగొచ్చాయి. కిటికీ కింద వీధిలో అప్పుడే ఎవరో ఎవరితోనో 'రేవు' పుట్టుక గురించి పోట్లాడుతున్నారు.

"ఇక విప్పండి," అంది నిర్ణేత.

అక్కసు కొద్దీ అప్పటికప్పుడు అల్లిన పొడుపు అది, జవాబంటూ లేదు. ఆ ముక్క చెప్పేద్దామనే హైమవతి నోరు తెరిచింది. కానీ వకుళ తనవంకే చూస్తోంది, కుళ్ళుతో ముఖం కందిపోయి.

"రేపు చెప్తాను," అంది హైమవతి, ఎంతో హాయిగా.