టేపు మీద తెల్ల గీతలు

ఉదయం పదింటికి జగపతిరాజు బీరువా తెరిచాడు. తుఫాను క్యాసెట్ లేదు.

అగ్రిమెంట్ పేపర్లు ఒళ్లో పెట్టుకుని కూర్చున్న మంజుష లేచొచ్చి బీరువాలోకి తొంగి చూసింది. డాక్యుమెంటరీలకు పాత ఫుటేజ్ వెతికి, హక్కులు కొనిపెట్టడం ఆమె ఉద్యోగం. మూడేళ్ల కిందటి తుఫానులో, నీళ్లు ఊరి మీద పడుతుండగా వీడియో తీసినవాడు రాజోలు చుట్టుపక్కల ఈ ఫోటో స్టూడియో ఓనర్ జగపతిరాజు ఒక్కడే. చూడ్డానికి అతనిచ్చిన కాపీ టీవీలో వెయ్యడానికి పనికిరాదు; ఒరిజినల్ క్యాసెట్ లేకపోతే ఆమె డాక్యుమెంటరీయే లేదు.

"ఎవరో ఎత్తుకుపోయారండి," అన్నాడతను.

"తాళం?"

"నా దగ్గరే ఉంటుందండి."

తాళం పగల్లేదు. దొంగ మాత్రం వచ్చి వెళ్లాడట!

"పోలీస్ రిపోర్ట్ ఇద్దాం పదండి."

"ఇప్పుడు పోలీసులెందుకండీ బాబూ!"

మంజుష అతని మొహం కేసి చూసింది.

"ఆ టేపు ఎన్నిసార్లు చూశారు రాజుగారూ?"

"ఒక్కసారేనండి. మీకు కాపీ తీసినప్పుడు."

ఆమె బ్యాగులోంచి ఆ కాపీ తీసి వీసీఆర్‌లో పెట్టింది. వరద, వాలిపోతున్న కొబ్బరి చెట్లు. బొమ్మ శుభ్రంగా ఉంది. ఉన్నట్టుండి తెల్ల గీతలు పడ్డాయి. రొయ్యల చెరువు గట్టు మీద ఓ కుర్రాడు చెయ్యి ఊపుతున్నాడు. ఆమె పాజ్ నొక్కింది.

"ఫంగస్ అనుకున్నాను. ఫంగస్ అయితే టేపంతా పట్టేది. ఇది ఒక్కచోటే. మాటిమాటికీ ఇక్కడే పాజ్ చేస్తే టేపు ఇలా అరుగుతుంది. అరిగింది మీ ఒరిజినలండి."

రాజు చూపు గోడ వైపు పోయింది. అక్కడ ఫోటోలో అదే కుర్రాడు.

"ఎవరండీ?"

"మా తమ్ముడు చినబాబండి. ఆ తుఫానులోనే..."

"దండ లేదేం?"

"అమ్మ వెయ్యనివ్వలేదండి. శవం దొరకలేదు కదా. ఎక్కడో బతికే ఉన్నాడంటారు. కర్మ కూడా చెయ్యనివ్వలేదు."

"పోయాడని మీకు తెలుసు. క్యాసెట్ దాచింది మీరే."

జగపతిరాజు కెమెరా సంచీలోంచి క్యాసెట్ తీసి బల్ల మీద పెట్టాడు.

"వాడు పిలుస్తున్నాడండి. నేను తీస్తూ నిలబడిపోయాను. ఇది వదిలించుకుందామనే మీకు ఒప్పుకున్నాను. పొద్దున్న చెయ్యి రాలేదు. టీవీలో వస్తే అమ్మ చూస్తారు. రోజూ అక్కడ ఆపేస్తానండి. ఆ తర్వాతది నేనెప్పుడూ చూళ్లేదు. కాపీ తీసేటప్పుడు కూడా బయటికెళ్లి నుంచున్నాను. ఆపినంతసేపూ వాడు గట్టు మీదే ఉంటాడు కదండీ."

మంజుషకు ఏడుపొచ్చింది. ఆ తర్వాతది ఆమె చూసింది. గట్టు తెగుతుంది.

గుమ్మంలో గ్లాసుల చప్పుడైంది. కాఫీలు పట్టుకుని అతని తల్లి లక్ష్మీనరసమ్మ నిలబడి ఉంది. ఎప్పుడొచ్చిందో ఇద్దరూ చూడలేదు. ఆవిడ చూపు టీవీ మీదే ఉంది.

మంజుష గబుక్కున టీవీ కట్టెయ్యబోయింది.

"ఉంచమ్మా," అంది ఆవిడ. కాఫీలు బల్ల మీద పెట్టి, టీవీ ముందు కింద కూర్చుంది. "బాబూ, ఇలా రా. నా పక్కన కూర్చో."

అతను వచ్చి కూర్చున్నాడు. ఆవిడ అతని చెయ్యి పట్టుకుంది.

మంజుష అగ్రిమెంట్ పేపర్లు మడిచి బ్యాగులో పెట్టేసుకుంది.

"ఒక్కడివే ఎన్నాళ్లు చూస్తావు? ఇవాళ ఇద్దరం చూద్దాం," అంది లక్ష్మీనరసమ్మ. "అయిపోయాక వెళ్లి తమ్ముడికి దండ తెద్దువుగాని. ఆపకు. పోనీ."

జగపతిరాజు ప్లే నొక్కాడు.